గడప దగ్గర చెప్పాల్సిన పేరు

రుద్రూర్‌లో పెళ్ళివారింటి వెనక చెరుకు తోటలో బెల్లం వండుతున్నారు. పొయ్యి కింద చెరుకు పిప్పి కాలుతున్న పొగ, దాని వెంబడే పాకం ముదురుతున్న వాసన, రెండూ కలిసి పందిట్లోకి వచ్చాయి. నాకు పెళ్ళిళ్ళంటే పడదు. మా బడిలో పనిచేసే అటెండర్ కొడుకు పెళ్ళి కాబట్టి, రాకపోతే ఆయన మొహం చిన్నబోతుందని నిజామాబాద్ నుంచి బస్సెక్కి వచ్చాను. కొత్త జంట ఇంటికి చేరేసరికి మధ్యాహ్నం దాటింది. పెళ్ళికొడుకు చెల్లెళ్ళిద్దరు గడపకు అడ్డంగా చేతులు చాచి నిలబడ్డారు. మా వైపు ఇది తప్పదు. మొగుడి పేరు పెళ్ళాం, పెళ్ళాం పేరు మొగుడు నలుగురి ముందు చెబితే తప్ప లోపలికి రానివ్వరు. ఆ తర్వాత ఆడది బతికినన్నాళ్ళూ మొగుడి పేరు నోటితో పలకదు కనుక, ఆ ఒక్కసారి పాట కట్టి మరీ చెప్పిస్తారు.

"గడప నిండ పసుపు, గంప నిండ బెల్లం, నవీన్ పేరు చెప్పి పెడుతున్న పాదం" అంది పెళ్ళికూతురు, తల వంచుకునే. అందరూ నవ్వారు, చెల్లెళ్ళు దారిచ్చారు. పెళ్ళికొడుకు నాయనమ్మకు మాత్రం ఆ సంబరం తీరలేదు. తానే వెళ్ళి గడపలో నిలబడి, భోజనానికి లోపలికి పోయే ఆడవాళ్ళను ఒక్కొక్కరినే ఆపి "పేరు చెప్పి పో" అనడం మొదలుపెట్టింది. మనవరాళ్ళున్న ఆడవాళ్ళు కూడా కొంగు నోటికి అడ్డం పెట్టుకుని చెప్పారు. ఒకామె మొగుడు పోయి చాలా ఏళ్ళయిందట. ఆమె కూడా చెప్పి, కళ్ళు తుడుచుకుని లోపలికి పోయింది. తర్వాత నా వంతు. అవ్వ నా చెయ్యి పట్టుకుంది.

"నీ ఇంటాయన పేరేంది బిడ్డ?"

ఏం చెప్పానో తర్వాత రాస్తాను. ముందు గంగామణి టీచర్ గురించి చెప్పాలి. అవ్వ చెయ్యి పట్టుకున్నప్పుడు నాకు గుర్తొచ్చింది బోధన్‌లో ఆమె ఇంటి గడపే.

గంగామణి టీచర్ బోధన్‌లో మా ఆడపిల్లల బడిలో తెలుగు చెప్పేది. జక్రాన్‌పల్లి దగ్గర పసుపు పండించే ఇంటి బిడ్డ. పొట్టి మనిషి, గొంతు మాత్రం రెండు గదుల అవతలికి వినపడేది. పెళ్ళి చేసుకోలేదు. బడి బయట ఆమెకు ఇంకో బతుకు ఉండేది. జి. మణి అనే పేరుతో వారపత్రికలకు డిటెక్టివ్ సీరియళ్ళు రాసేది. చదివేవాళ్ళందరూ జి. మణి అంటే మీసాలున్న పెద్దమనిషి అనుకునేవాళ్ళు, ఆమె కూడా కాదని ఎవరికీ చెప్పలేదు. ఆ సీరియళ్ళలో హంతకులను పట్టుకునేది పోలీసు కాదు, ఒక దవాఖాన నర్సు. శవాన్ని కడిగేటప్పుడు గోళ్ళు చూసి, మందు సీసా మూత వాసన చూసి, చావు వెనక ఎవరున్నారో కనిపెట్టేది. ఆ నర్సుకు పేరు లేదు. మొదటి నవల నుంచి అందరూ ఆమెను సిస్టర్ అనే పిలుస్తారు. చచ్చేవాడికి, చంపేవాడికి, ఆఖరికి వాకిట్లో కుక్కకు కూడా ఏరి ఏరి పేరు పెట్టే రచయిత, అసలు మనిషికి ఎందుకు పెట్టలేదని పాఠకులు పత్రికకు రాస్తూనే ఉండేవాళ్ళు. జి. మణి జవాబు ఇచ్చేవాడు కాదు.

పేర్ల పిచ్చి ఆమెకు బడిలో కూడా ఉండేది. కొత్త తరగతిలో అడుగు పెడితే ఒక్కో పిల్లను లేపి, నీ పేరేంటి, ఎవరు పెట్టారు, ఎందుకు పెట్టారు అని అడిగేది. ఒక పిల్ల గంగాజాతర నాడు పుట్టింది, అందుకే గంగ పేరు పెట్టారు. ఇంకో పిల్ల ఐదో ఆడపిల్ల కాబట్టి ఇక చాలని సాలమ్మ అన్నారు. నా వంతు వచ్చింది. "పెంటమ్మ" అన్నాను నేల చూస్తూ. వెనక బెంచీ కిసుక్కుమంది.

"ఎవరు పెట్టిండ్రు?"

"తెల్వది టీచర్."

"తెలుసుకోని రా. రేపు నువ్వే మొదలు చెప్పాలె."

ఇంటికి పోయి మా నాయనమ్మ మీద విరుచుకుపడ్డాను. ఇంకే పేరూ దొరకలేదా అని ఏడ్చాను. ఆమె చాటలో బియ్యం చెరుగుతూ, చెయ్యి ఆపకుండానే చెప్పింది. నాకంటే ముందు పుట్టిన ఇద్దరూ పురిట్లోనే పోయారు. నేను పుట్టగానే నన్ను చాటలో వేసుకుని పోయి పెంటకుప్ప మీద పెట్టింది. పక్కింటామె వచ్చి ఎవరో పారేసిన బిడ్డను ఎత్తుకున్నట్టు ఎత్తుకుంది. మా అమ్మ గుప్పెడు తవుడు ఇచ్చి నన్ను ఆమె దగ్గర కొనుక్కుంది. చావు వచ్చి చూస్తే ఇది ఎవరికీ అక్కర్లేని పెంట అనుకుని పక్కకు పోవాలి, అందుకే ఆ పేరు. మర్నాడు క్లాసులో ఇదంతా ఏడుపు గొంతుతోనే ఒప్పజెప్పాను. ఈసారి ఎవరూ నవ్వలేదు. టీచర్ కుర్చీలో వెనక్కి వాలింది.

"అంటే మీ అవ్వ సావునే తప్పుదారి పట్టించింది. నేను ఇన్ని కథలు రాసిన గని, గింత మంచి ఎత్తు నాకు తట్టలే" అంది.

నాకు మాత్రం ఆ పేరు మీద కోపం పోలేదు. పదో తరగతి పరీక్షకు పేర్లు పంపేటప్పుడు మార్చుకోవచ్చని విని, స్వప్న అని పెట్టుకుంటానని ఆమె దగ్గరికి వెళ్ళాను. "స్వప్న అని నిన్ను ఎవరన్న పిలిచిండ్రానే ఇప్పటిదాంక?" అని అడిగింది. లేదన్నాను. "పెంటమ్మ అని పిలిచి బతికించుకున్నామె ఒకామె ఉంది. మల్ల నీ ఇష్టం." ఆ 'నీ ఇష్టం' అనే మాటకు నాకు ఒళ్ళు మండింది. అయినా మార్చుకోలేదు. ఇప్పుడు నేను రాసే నేరకథల అట్టల మీద అదే పేరు ఉంటుంది. ఒక ప్రచురణకర్త, మేడం, కాస్త ఇంపుగా ఉండే పేరు పెట్టుకోకూడదా అన్నాడు. ఆయనకు నేను చెప్పిన జవాబు ఇక్కడ రాయదగ్గది కాదు.

చదువు ముగించి మళ్ళీ బోధన్‌కు వచ్చి ఒక ప్రైవేటు బడిలో చేరినప్పుడు, టీచర్ ఇంటి వెనక గది అద్దెకు తీసుకున్నాను. అప్పుడే ఆ కథల్లోని సిస్టర్ అసలు మనిషిని దగ్గరగా చూశాను. ఆమె డిచ్‌పల్లిలో కుష్టురోగుల దవాఖానలో నర్సు. మెదక్ వైపు మెథడిస్టు కుటుంబం. సన్నగా, పొడుగ్గా, ఎప్పుడూ తెల్ల చీరలోనే ఉండేది. శనివారం సాయంత్రం బస్సు దిగి వచ్చేది, సోమవారం పొద్దున్నే పోయేది. మధ్యలో వచ్చే ఆదివారం సిస్టర్ చర్చి నుంచి రాగానే టీచర్ వాకిట్లో పీట వేసుకుని ఆ వారం రాసింది చదివి వినిపించేది. సిస్టర్ చిక్కుడుకాయ ఈనెలు తీస్తూ వింటూ, మధ్యలో ఆపేది.

"గింత మందుకు మనిషి సావడు టీచరమ్మ. కడుపుల నొప్పి లేస్తది, అంతే."

"మరి నా కథ ఎట్ల నడవాలె?"

"ఇంకింత తాపు. నాదేం పోయింది."

ఇద్దరూ నవ్వేవాళ్ళు. టీచర్ అంత మనసారా నవ్వడం నేను బడిలో ఎన్నడూ చూడలేదు. సోమవారం బస్సు వెళ్ళిపోయాక ఆ ఇంట్లో రేడియో కూడా పెట్టేది కాదు. శుక్రవారం వరకు ఒక్కతే వండుకుని, ఒక్కతే తిని, గోడవైపు తిరిగి రాసుకునేది. సిస్టర్ తాగిన గ్లాసును మళ్ళీ శనివారం దాకా కడగకుండా అరుగు మీదే ఉంచేది.

వీధిలో వాళ్ళను దోస్తులు అనేవాళ్ళు. ఇంకే మాటా మా ఊళ్ళో లేదు. లెస్బియన్ అనే మాట నేను తర్వాత ఎప్పుడో నేర్చుకున్నాను. టీచర్‌కు ఆ మాట తెలుసో లేదో నాకు తెలియదు, ఆమె నోట నేను వినలేదు. నాకు విషయం తెలిసింది మాటలతో కాదు. టీచర్ ఎన్నడూ సిస్టర్ పేరు పలకదు. "ఇగో, వింటున్నవా" అంటుంది, ఇతరులతో "సిస్టరు" అంటుంది. మా పదో తరగతిలో సిస్టర్ పేరే ఉన్న క్రైస్తవుల పిల్ల ఒకతి ఉండేది. హాజరు తీసుకునేటప్పుడు ఆ పిల్ల దగ్గరికి రాగానే టీచర్ తలెత్తి ఆమెను చూసి, టిక్కు పెట్టుకునేదే తప్ప పేరు పిలిచేది కాదు. మా అమ్మ అచ్చం అంతే. మా నాన్న పేరు రాములు కాబట్టి రాముడి గుడిని కూడా 'ఆయన గుడి' అనేది. ఒక ఆదివారం వెనక గదిలో కూర్చుని వాళ్ళ మాటలు వింటుంటే ఈ రెండూ నా బుర్రలో కలిశాయి. పెళ్ళాలు చేసే పని అది. సిస్టర్ పేరు నాకు తెలుసు. కానీ టీచర్ చెప్పేదాకా నేను కూడా ఇక్కడ చెప్పను.

ఆ ఏడే మా ఇంట్లో నాకు సంబంధాలు చూడటం మొదలుపెట్టారు. వద్దన్నాను. ఎందుకో అడిగితే చెప్పడానికి నాకు ఒక్క మనిషే కనిపించింది. టీచర్ వెల్లుల్లి పొట్టు తీస్తోంది. "నాకు మగోళ్ళ మీదికి మనసు పోదు టీచర్. ఆడోళ్ళ మీదికే పోతది" అన్నాను. ఆమె చెయ్యి ఆగలేదు. ఇంకో రెబ్బ తీసుకుంది.

"అయితే ఒంటరిగ ఉండుడు నేర్చుకో" అంది. "తోడు దొరుకుతదో దొరకదో తెల్వది. దొరికినా నాలుగు దినాలు ఉండి పోవచ్చు. ఒంటరితనం మాత్రం తప్పక వస్తది. వచ్చినప్పుడు బిత్తరపోవద్దు."

"గంతేనా?"

"ఇంకేం చెప్పాలె? నాకు తెలిసింది గదే."

నాకు ధైర్యం చెబుతుందనుకుని వెళ్ళాను. ఆ రాత్రి ఆమె మీద చాలా కోపంగా పడుకున్నాను. ఆమె మాట నిజమని తర్వాత తెలిసింది. నిజామాబాద్‌కు మారాక నాకూ ఒక తోడు దొరికింది. డిచ్‌పల్లి యూనివర్సిటీలో పాఠం చెప్పేది. కొన్నేళ్ళు ఒకే కప్పు కింద ఉన్నాం. వాళ్ళ ఇంట్లో తెలిసింది, ఆమె భయపడింది, వరంగల్‌లో ఉద్యోగం చూసుకుని పోయింది. ఇప్పుడు నా ఫోన్ ఎత్తదు. నేను బిత్తరపోయాను. ఎంత ముందే చెప్పినా ఎవరికి అబ్బుతుంది ఆ విద్య.

ఇదంతా జరగకముందు, నేనింకా బోధన్‌లో ఉండగానే, సిస్టర్ రిటైరైంది. రేకుపెట్టె, కుట్టు మిషను, ఒక కరివేపాకు మొక్క ఆటోలో వేసుకుని ఇక సోమవారం పోయే పని లేకుండా వచ్చేసింది. టీచర్ పొద్దున్నుంచీ ఇల్లు కడుగుతూనే ఉంది. నాకేం హుషారు పుట్టిందో, సిస్టర్ అరుగెక్కగానే పోయి గడపకు అడ్డంగా చేతులు చాచి నిలబడ్డాను. వాళ్ళకు ఆడబిడ్డలు ఎవరున్నారు, నేను తప్ప.

"పేరు చెప్తేనే లోపలికి" అన్నాను.

సిస్టర్ ముందు ఆశ్చర్యపోయింది, తర్వాత ఆ పొడుగు మనిషి చిన్నపిల్లలా నవ్వింది. ఆలోచించుకోనైనా లేదు. "డిచ్‌పల్లిల బస్సెక్కిన, బోధన్‌ల దిగిన, గంగామణి పేరు చెప్పి ఇంట్లకొస్తున్న" అంది. ఎన్నాళ్ళ నుంచి కట్టి పెట్టుకుందో ఆ పాట. నేను టీచర్ వైపు తిరిగాను. ఆమె పెదవులు విడివడ్డాయి. ఎదురింటి కిటికీలో ఎవరో ఉన్నారు. "జరుగు పెంటమ్మ, పొయ్యి మీద పాలు పొంగుతున్నయి" అని నా చెయ్యి కింద నుంచి దూరి లోపలికి పోయింది. పొయ్యి మీద పాలు లేవు. సిస్టర్ కరివేపాకు మొక్కను ఎక్కడ నాటాలో చూసుకుంటూ పెరట్లోకి నడిచింది.

సాయంత్రం నేను నీళ్ళు తోడుతుంటే టీచర్ వచ్చి పక్కన నిలబడింది. "ఇంకోపారి గట్ల అడుగకు. చెప్పబుద్ధయితది" అంది. "చెప్తే ఏమయితది టీచర్?" అన్నాను. "వీధి వింటది. ఇయ్యాల దోస్తులంటున్నరు. రేపు ఇంకో మాట వెతుకుతరు. అది ఆమె వినొద్దు."

వాళ్ళు ఒకే ఇంట్లో ఉన్న కాలం ఎక్కువ కాదు. సిస్టర్ గుండె బలహీనపడింది. ఒక వానాకాలం నిజామాబాద్ దవాఖానలో పోయింది. మెదక్ వైపు నుంచి ఆమె తమ్ముడు వచ్చాడు. మంచివాడే, ఏడ్చాడు, టీచర్‌కు దండం పెట్టాడు. "మా ఊరి సమాధుల తోటలోనే పెట్టుకుంటాం టీచరమ్మ, అమ్మానాన్నల పక్కన" అన్నాడు. కాదనడానికి టీచర్ ఎవరు? మేమిద్దరం వెనకాల బస్సులో పోయాం. పాస్టరుగారు మట్టి వేయడానికి ముందు ఇంటివాళ్ళను పిలిచారు. తమ్ముడు, మరదలు, వాళ్ళ పిల్లలు, మేనత్త కొడుకులు. తర్వాత దవాఖానలో కలిసి పనిచేసినవాళ్ళను. ఆ తర్వాత ఇరుగుపొరుగువాళ్ళను. అప్పుడు టీచర్ ముందుకు పోయింది. ఎవరిదీ తప్పు కాదు. ఆమె ఎవరో ఎవరూ ఎన్నడూ అడగలేదు, ఆమె చెప్పలేదు. పిడికెడు మట్టి వేసి, చెయ్యి దులుపుకోకుండా అట్లాగే బస్సెక్కింది. దారి పొడుగునా ఆ చేతిని ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది.

రాత్రి నిజామాబాద్ బస్టాండులోనే గడిపి, మర్నాడు పొద్దెక్కాక బోధన్‌లో దిగాం. నేను తాళం తీసి తలుపు నెట్టాను. టీచర్ అరుగు మీద నిలబడిపోయింది. లోపలికి రాలేదు. కరివేపాకు మొక్క అప్పటికి చెట్టయి పెరటి గోడ దాటింది, అది అక్కడి నుంచే కనిపిస్తోంది. నీళ్ళు తెమ్మంటారా అని అడిగాను. తల అడ్డంగా ఊపింది.

"అడుగు" అంది.

నాకు అర్థం కాలేదు.

"ఆనాడు అడిగినవు గద. గడపల నిలబడి అడుగు."

పోయి గడపలో నిలబడ్డాను. చేతులు రెండు వైపులా చాచాను. ఎదురింటామె బయటికొచ్చి పరామర్శకు మెట్లు దిగుతోంది. వీధిలో పాలవాడు ఉన్నాడు. "పేరు చెప్తేనే లోపలికి" అన్నాను. నా గొంతు నాకే వినపడలేదు.

"విశ్రాంతమ్మ" అంది టీచర్.

బడిలో రెండు గదుల అవతలికి వినపడే గొంతు అది. ఎదురింటామె మెట్టు మీదే ఆగింది. టీచర్ ఇంకోసారి చెప్పింది, ఈసారి మెల్లగా, ఆ పేరు నోట్లో ఎట్లా ఉంటుందో చూసుకుంటున్నట్టు. అప్పుడు నేను చేతులు దించాను. ఆమె అరుగు మీదున్న సిస్టర్ గ్లాసు తీసుకుని లోపలికి వచ్చి, గూట్లో పెట్టి, కింద కూర్చుని ఏడ్చింది. నేనూ ఏడ్చాను. లోపల ఎవరూ లేని ఇంట్లోకి పేరు చెప్పి వచ్చిన మనిషిని నేను ఆమెనొక్కదాన్నే చూశాను.

విశ్రాంతమ్మ అనే పేరు వాళ్ళ నాన్న పెట్టాడట, ఆదివారం, వాళ్ళ విశ్రాంతి దినం నాడు పుట్టిందని. జీవితమంతా పుండ్లు కడిగిన మనిషికి ఆ పేరు. టీచర్ పోయాక ఆమె నవలలన్నీ మళ్ళీ చదివాను. విశ్రాంతి అనే మాట వాటిలో ఎక్కడా లేదు. ఆమె పాత్రలు అలుపు తీర్చుకుంటాయి, కాసేపు నడుం వాలుస్తాయి, ఊపిరి పీల్చుకుంటాయి. ఆ మాట జోలికి మాత్రం పోవు. ఆఖరి నవలలో తప్ప. అది సిస్టర్ పోయాక రాసింది. అందులో నర్సు కేసు ముగించుకుని ఇంటికి వస్తుంది, గడప దగ్గర చిన్నపిల్ల ఒకతి అడ్డం నిలబడి నీ పేరేంటని అడుగుతుంది, నర్సు చెబుతుంది. కథ అక్కడితో అయిపోతుంది. పత్రికవాళ్ళు ముగింపు బాగాలేదని వేసుకోలేదు. నిజామాబాద్‌లో ఒక చిన్న ప్రెస్సులో తానే అచ్చు వేయించింది, జి. మణి పేరుతో కాదు, గంగామణి పేరుతో. ఎవరు చదివారో నాకు తెలియదు. నా దగ్గర ఒక ప్రతి ఉంది.

రుద్రూర్‌లో అవ్వ ఇంకా నా చెయ్యి పట్టుకునే ఉంది. వెనక ఆడవాళ్ళు ఆకలికి తొందర పడుతున్నారు. నాకు పెళ్ళి కాలేదవ్వా అంటే సరిపోయేది. ఇన్నేళ్ళూ అదే అంటూ వచ్చాను. పాట కట్టడం నాకు రాదు.

"వసంత" అన్నాను.

అవ్వ నా మొహంలోకి చూసింది. "ఆడివిల్ల పేరు గదనే" అంది.

"అవునవ్వ."

వెనక ఎవరో కిసుక్కుమన్నారు. అవ్వ అటు చూడలేదు. నా చేతిని కాసేపు అట్లాగే పట్టుకుంది.

"మరి ఆమె రాలేదా పెండ్లికి?"

సిస్టర్ పోయాక టీచర్ ఎన్నో పెళ్ళిళ్ళకు ఒక్కతే పోయి, ఒక్కతే తిని వచ్చింది. ఈ మాట ఆమెను ఎవరూ అడగలేదు.

"రాదవ్వ" అన్నాను.

అవ్వ నా చెయ్యి వదిలి, గడప మీది నుంచి పక్కకు జరిగింది.